కామెడీ రాయడానికి హైదరాబాద్ వెళ్తున్న మా చిట్టికి

చిట్టీ,

టీవీకి కామెడీ రాస్తానని బయల్దేరుతున్నావని మీ అమ్మ ఫోన్‌లో చెప్పింది. అక్కకి టెన్షన్‌గా ఉంది గానీ నాకు మాత్రం భలే సంతోషంగా ఉంది. ఆ పనే ఏళ్ల తరబడి చేసి పర్లాకిమిడి తిరిగొచ్చినదాన్ని, అందుకే చెప్తున్నాను.

నిన్ను మొదట అడిగేది యాసే. ఒడిశా బోర్డరు పిల్లవి కదా, రెండు ముక్కలు శ్రీకాకుళం యాసలో పడెయ్ అంటారు. వాచ్‌మన్‌కో పనిమనిషికో 'ఏటి, ఎలిపోనాడు' అని తగిలిస్తే చాలు, నవ్వొచ్చేస్తుందని వాళ్ల నమ్మకం. నాకు ఒళ్లు మండేది. జనం మాట్లాడే తెలుగే పుస్తకాల్లో ఉండాలని పోరాడిన గిడుగు రామమూర్తి గారు పాఠాలు చెప్పిందీ, సవర భాష నేర్చుకున్నదీ మన ఊళ్లోనే. 1936లో ఊరు ఒడిశాలో కలిసినా మన ఇళ్లలో ఆ తెలుగు పోలేదు. యాస రాయి, బాగా రాయి, కానీ నవ్వు మాత్రం ఆ మనిషి మొండితనం లోంచో తెలివి లోంచో రావాలి.

రేషన్ షాపు తీసుకో. ముసలమ్మ కార్డులో పేరు తప్పు పడింది. డీలరు 'ఈ పేరు నీది కాదు, బియ్యం ఇవ్వను' అంటాడు. ఆవిడ 'తినేది నేను బాబూ, నా పేరు కాదు' అంటుంది. ఇప్పుడు ఆ 'బాబూ' తీసి చివర పెట్టి పైకి చదువు, నవ్వు సగం పోతుంది. నవ్వించే మాట చివర పడాలి, దాని తర్వాత ఇంకేమీ ఉండకూడదు, జనం నవ్వేదాకా ఆర్టిస్టు ఆగాలి. అందుకే రాసిన ప్రతి లైనూ నోటితో అనుకుని చూసుకో, వీలైతే రిహార్సల్‌కి వెళ్లి కూర్చో, ఆర్టిస్టు నాలుక ఎక్కడ తడబడుతుందో అక్కడ నీ డైలాగ్ తప్పని అర్థం.

లావు, నలుపు, చీర కట్టిన మగాణ్ణి చితకబాదడం... ఇవి అడుగుతారు, రాయకు. నవ్వొస్తుంది, నిజమే, కానీ ఇంట్లో కూర్చుని చూస్తున్న ఏ పిల్లకో అది తగులుతుంది.

స్కిట్ వేరు, సీరియల్ వేరు. 2013లో జబర్దస్త్ మొదలయ్యాక స్కిట్లు రాసేవాళ్లకి గిరాకీ పెరిగింది, కానీ వారం వారం కొత్త సందర్భం వెతుక్కోవాలి. అమృతం లాంటి సీరియల్‌లో అలా కాదు, హోటల్ నడిపే అమృతరావు, ఆంజనేయులు, సర్వం, ఇంటి ఓనరు అప్పాజీ ఎలాంటివాళ్లో చూసేవాళ్లకి ముందే తెలుసు కాబట్టి తలుపు తీసి లోపలికొస్తేనే నవ్వు మొదలవుతుంది. నీకు మనుషుల్ని గమనించే ఓపిక ఉంది, రెండోదానికే గురిపెట్టు. అరగంట స్లాటులో యాడ్లు పోగా నీకు మిగిలేది ఇరవై నిమిషాల పైచిలుకు, అంతే.

ఇక డబ్బు. మొదట ఏ రైటర్ దగ్గరో అసిస్టెంట్‌గా చేరతావు, టైటిల్స్‌లో పేరు పడకపోవచ్చు. ఎపిసోడ్‌కి ఎంత, షూటింగ్ అయ్యాకా టెలికాస్ట్ అయ్యాకా, పేరు వేస్తారా లేదా, ఈ మూడూ మొదటిరోజే మొహమాటం లేకుండా అడుగు. నాకు ఒకచోట నెలల తరబడి రాయించుకుని ఫోన్ ఎత్తడం మానేశారు. కథ చెప్పే ముందు పూర్తిగా రాసి నీకు నువ్వే మెయిల్ చేసుకో, తేదీ ఉంటుంది. ఉత్త ఐడియాకి కాపీరైట్ లేదు, రాసినదానికే ఉంది. అగ్రిమెంట్‌లో ఎన్నేళ్లకి హక్కులిస్తున్నావో రాయకపోతే చట్టం ప్రకారం 5 ఏళ్లకే లెక్క, కానీ జీతానికి చేరితే మాత్రం వేరే ఒప్పందం లేనంతవరకూ నువ్వు రాసింది కంపెనీదే. సంతకం పెట్టే ముందు కాగితం ఫోటో తీసి నాకు పంపు, రాత్రి ఎంత పొద్దుపోయినా చూస్తాను.

కనీసం ఆరునెలల అద్దెకి సరిపడా డబ్బు దగ్గర ఉంచుకునే రైలెక్కు. తక్కువైతే నేను సర్దుతాను, మీ నాన్నని అడగకు. ఆయనతో నేను మాట్లాడతాలే.

మీ పిన్ని