కరెంట్ కుక్కర్‌లో మక్క కంకులు: బలం పోతుందా? బోరు నీళ్లతో ఉడకబెట్టొచ్చా?

ప్రశ్న: డాక్టర్ గారూ, మాది నల్లగొండ జిల్లా మర్రిగూడ మండలం. మొన్న రాఖీ పండుగకు మా తమ్ముడు కరెంట్ ప్రెషర్ కుక్కర్ తెచ్చిచ్చాడు. అప్పటి నుంచి సాయంత్రమైతే చాలు, ఇంట్లో మక్క కంకులు ఉడకాల్సిందే. ‘అందులో వేస్తే కంకుల బలమంతా పోతది, బొగ్గుల మీద కాల్చుకుంటేనే మంచిది’ అని పక్కింటి వదిన అంటోంది. మా అత్తమ్మకు 66 ఏళ్లు. షుగర్, బీపీ ఉన్నాయి. ఫ్లోరైడ్ వల్ల నడుము, మోకాళ్లు కూడా పట్టేశాయి. ఆమెకు కంకులంటే ప్రాణం. మా చిన్నోడికి మూడేళ్లు. వాడు దొడ్డికి పోతే గింజలు గింజల్లాగే వస్తున్నాయి. మిషన్ భగీరథ కుళాయి నీళ్లు రాని రోజు బోరు నీళ్లతోనే ఉడకబెడుతున్నాను. కుక్కర్ వేడికి నీళ్లలో ఏమున్నా చచ్చిపోతుందని మా ఆయన ధైర్యం చెబుతున్నాడు. నిజమేనా?
– ఓ గృహిణి

జవాబు: అమ్మా, అన్నిటికంటే చివర అడిగారు గానీ, మీ ఉత్తరంలో నన్ను ఆపేసింది ఆ బోరు నీళ్ల మాటే. అందుకే ముందు దానికే జవాబు చెబుతాను.

మీ ఆయన చెప్పింది సగమే నిజం. కుక్కర్ వేడికి చచ్చేవి ప్రాణమున్నవి మాత్రమే. విరేచనాలు, టైఫాయిడ్ తెప్పించే క్రిములు ఆ వేడికి బతకవు. ఫ్లోరైడ్ క్రిమి కాదు. భూమిలోని రాళ్ల నుంచి నీళ్లలోకి కరిగి వచ్చే లవణం. ఉప్పు నీళ్లను కాగబెడితే ఉప్పు పోతుందా? నీళ్లు ఆవిరై పోతాయి, ఉప్పు గిన్నెలోనే మిగులుతుంది. ఫ్లోరైడ్ కూడా అంతే. మూత లేకుండా లీటరు నీళ్లను అర లీటరు అయ్యేదాకా మరిగిస్తే, మిగిలిన నీళ్లలో దాని గాఢత రెట్టింపవుతుంది. ‘నీళ్లు కాచి తాగుతున్నాం కదా సార్, మాకేం కాదు’ అని మర్రిగూడ, నాంపల్లి, మునుగోడు వైపు నుంచి వచ్చే పేషెంట్లు చెప్పినప్పుడల్లా నాకు మనసు చివుక్కుమంటుంది. అంత కష్టపడి కాచినా, ఫ్లోరైడ్ విషయంలో ఫలితం లేదు.

అయితే కంకుల దగ్గర మీరు మరీ టెన్షన్ పడక్కర్లేదు. లెక్క చూడండి. తాగే నీళ్లలో ఫ్లోరైడ్ లీటరుకు 1 మిల్లీగ్రాము దాటకూడదు. వేరే దారి లేనప్పుడు గరిష్ఠంగా 1.5 వరకు అని మన దేశ ప్రమాణం. మీ బోరులో 4 ఉందనుకుందాం. కుక్కర్ అడుగున పోసే పావు లీటరు నీళ్లలో ఉండేది 1 మిల్లీగ్రాము. కంకులను నీళ్లలో ముంచకుండా, కుక్కర్‌తో వచ్చిన స్టాండ్ మీద పెట్టి ఉడికిస్తే వాటికి తగిలేది ఆవిరే. ఆవిరితో పాటు ఫ్లోరైడ్ పైకి రాదు, అడుగు నీళ్లలోనే ఉంటుంది. ఆ నీళ్లు పారబోయండి. తియ్యగా ఉన్నాయని చారులో పోయడం, పిల్లలకు తాగించడం వద్దు.

నాకు అసలు భయం అన్నం గురించి. అదే కుక్కర్‌లో బోరు నీళ్లతో అన్నం వండితే, పోసిన నీళ్లన్నీ బియ్యమే పీల్చుకుంటాయి. పప్పు కూడా అంతే. పోసిన నీళ్లలోని ఫ్లోరైడ్ మొత్తం కంచంలోకి వస్తుంది. కాబట్టి భగీరథ నీళ్లు వచ్చిన రోజే రెండు బిందెలు మూత పెట్టి విడిగా ఉంచుకోండి. వాటిని తాగడానికి, అన్నానికి, పప్పుకు, చాయ్‌కి మాత్రమే వాడండి. బోరు నీళ్లు గిన్నెలు తోమడానికి, బట్టలకు సరిపోతాయి. ఏదైనా ఒక్కటి బోరు నీళ్లతో తప్పదు అనుకుంటే అది స్టాండ్ మీద ఉడికే కంకే కావాలి గానీ, అన్నం కాకూడదు.

ఫ్లోరైడ్ తీసేయడానికి మన జిల్లా పేరుతోనే ఒక పద్ధతి ఉంది. నాగ్‌పూర్‌లోని ‘నీరి’ (జాతీయ పర్యావరణ ఇంజినీరింగ్ పరిశోధన సంస్థ) శాస్త్రవేత్తలు 1970ల్లో తయారుచేసిన ‘నల్లగొండ పద్ధతి’ అది. పటిక, సున్నం, బ్లీచింగ్ పౌడర్ వాడతారు. ఎవరో చెప్పారని ఇంట్లో అందాజుగా పటిక వేయకండి. నీళ్లను టెస్ట్ చేశాకే దాని మోతాదు తేలుతుంది.

వేడికి చావనిది ఇంకొకటి ఉంది, బూజు విషం. పచ్చి కంకుల్లో ఈ బాధ తక్కువే. వానకు తడిసి సరిగా ఎండని మక్కలకు ఆకుపచ్చగానో, నల్లగానో బూజు పడుతుంది. అందులో అఫ్లాటాక్సిన్ అనే విషం పుట్టొచ్చు. కుక్కర్ వేడి దాన్ని పూర్తిగా విరగ్గొట్టలేదు. 1974లో రాజస్థాన్, గుజరాత్‌లలో బూజు పట్టిన మక్కలు తిని కాలేయం దెబ్బతిని వందమందికి పైగా చనిపోయారు. ఆ మరణాల వెనక కారణాన్ని పరిశోధించింది మన హైదరాబాద్‌లోని జాతీయ పోషకాహార సంస్థ డాక్టర్లే. కంకి తోలు ఒలిచాక గింజల మధ్య బూజు కనిపిస్తే అంతవరకు గిల్లేసి మిగతాది ఉడకబెట్టకండి, కంకి మొత్తం పారేయండి. గొడ్లకూ వేయొద్దు.

ఇప్పుడు మీ వదిన గారి అనుమానానికి వద్దాం. కరెంట్ కుక్కర్‌లో ఉండే వేడి మామూలుగా 115 డిగ్రీల దగ్గర ఉంటుంది. స్టవ్ మీది కుక్కర్‌లో ఇంకాస్త ఎక్కువ, 120 దాకా పోతుంది. బొగ్గుల మీద కాల్చే కంకికి తగిలే సెగ ఈ రెండిటికన్నా చాలా ఎక్కువ. వేడికే బలం పోయేటట్టయితే కాల్చిన కంకిలోనే ముందు పోవాలి. అమెరికాలో కార్నెల్ యూనివర్సిటీ వాళ్లు 2002లో స్వీట్‌కార్న్‌ను సరిగ్గా 115 డిగ్రీల దగ్గర 25 నిమిషాలు వేడి చేసి చూశారు. సి విటమిన్ పావు వంతు పోయింది. కానీ ఒంట్లో కణాలను కాపాడే యాంటీఆక్సిడెంట్ల శక్తి 44 శాతం పెరిగింది. గింజ తోలులో గట్టిగా అతుక్కుని ఉండే పదార్థాలు వేడికి విడివడటమే కారణం. అలాగని మీరు 25 నిమిషాలు ఉడికించాలని కాదు, బలమంతా పోతుందన్న భయం మాత్రం అక్కర్లేదు. సి విటమిన్ అంటారా, కంకిలో ఉండేదే కొంచెం. ఒక జామపండు తింటే అంతకు ఎన్నో రెట్లు వస్తుంది. ఒక్క పని మాత్రం చేయకండి. త్వరగా మెత్తబడాలని కొందరు సోడా ఉప్పు వేస్తారు. దానివల్ల బి1 విటమిన్ నిజంగానే పోతుంది.

అత్తమ్మ గారు కంకి మానేయాల్సిన పనిలేదు. మధ్యరకం స్వీట్‌కార్న్ కంకి ఒకటి తింటే దాదాపు 20 గ్రాముల పిండి పదార్థం ఒంట్లోకి వెళ్తుంది. ఇంచుమించు ఒక పుల్కాతో సమానం. ముదురు దేశీ కంకిలో ఇంకా ఎక్కువ, అది సగం చాలు. కంకి తిన్న పూట ఒక పుల్కా గానీ, అర కప్పు అన్నం గానీ తగ్గించాలి. అన్నం తిన్నాక కాలక్షేపానికి కంకి కూడా తింటే షుగర్ మరీ పెరుగుతుంది. తిన్న రెండు గంటలకు ఒకసారి గ్లూకోమీటర్‌తో చూడండి. ఆమె ఒంటికి ఎంత సరిపోతుందో నా లెక్కకన్నా ఆ నంబరే బాగా చెబుతుంది. కిడ్నీ సమస్య కూడా ఉంటే చూపించుకునే డాక్టర్‌ను అడిగాకే పెట్టండి.

ఉప్పు విషయంలో మాత్రం గట్టిగా ఉండండి. రోజు మొత్తానికి ఒక చెంచా, అంటే 5 గ్రాములు దాటొద్దు. ఉడికే నీళ్లలో ఉప్పు వేయకుండా, తినేటప్పుడు నిమ్మచెక్క, కాస్త కారం రుద్దివ్వండి. చాట్ మసాలా, నల్ల ఉప్పు అసలే వద్దు. నల్ల ఉప్పులో సోడియంతో పాటు ఫ్లోరైడ్ కూడా ఎక్కువ. ఇప్పటికే నడుము పట్టేసిన మనిషికి అది చేటు. కంకిలో కాల్షియం దాదాపు లేనట్టే, కాబట్టి పక్కన ఒక గ్లాసు ఉప్పు లేని మజ్జిగ ఇవ్వండి. వారంలో రెండు మూడుసార్లు మునగాకు పప్పు పెట్టండి.

చిన్నోడి గురించి. గింజ పైతోలును అరిగించే శక్తి మనిషి పేగుకు లేదు. సరిగా నమలకపోతే అది వచ్చినట్టే బయటికి పోతుంది. అది జబ్బు కాదు. కానీ మూడేళ్ల పిల్లాడికి గుండు గింజలు గొంతుకు అడ్డం పడే ప్రమాదం ఉంది, దానికే ఎక్కువ భయపడాలి. నాలుగేళ్లు నిండేదాకా గింజలు ఒలిచి మెదిపి పెట్టండి. పరిగెడుతూ, ఆడుకుంటూ తిననివ్వకండి. బరువు తగ్గడం, రెండు వారాలకు మించి విరేచనాలు, రక్తం పడటం ఉంటే మాత్రం పిల్లల డాక్టర్‌కు చూపించాలి.

ఉడికించేటప్పుడు తోలుతో పాటు పీచు మొత్తం తీసేయండి. పీచు ఆవిరి పోయే రంధ్రంలో ఇరుక్కుంటే ప్రమాదం. పావు లీటరు నీళ్లు, పైన స్టాండ్, దాని మీద కంకులు. మూడింట రెండు వంతులకు మించి నింపొద్దు. ఈ కుక్కర్లు చాలావరకు విజిల్ వేయవు, నిమిషాలే లెక్క. ప్రెషర్ పట్టాక స్వీట్‌కార్న్‌కు 3, 4 నిమిషాలు చాలు. లేత దేశీ కంకికి 10 నుంచి 15, ముదురుదైతే 20 దాటొచ్చు. ఆఫ్ అయ్యాక కనీసం ఐదు నిమిషాలు ఆగి, పొడుగు గరిటె కాడతో ఆవిరి వదలండి, ముఖం పక్కకు పెట్టుకోండి. మూత రాకపోతే బలవంతంగా తిప్పకండి, లోపల ప్రెషర్ ఇంకా ఉందని అర్థం. ఒకవేళ ఆవిరి కొట్టి కాలితే, కాలిన చోటును 20 నిమిషాలు కుళాయి నీళ్ల కింద పెట్టాలి. పేస్టు, పసుపు, ఇంకు పూసుకుని వచ్చేవాళ్లు ఇప్పటికీ ఉన్నారు. అవి పూస్తే కాలిన గాయం ఎంత లోతో మాకు కనిపించదు.

మిగిలిన కంకులను రాత్రంతా కుక్కర్‌లో వదిలేయకండి. వెచ్చగా ఉంచే బటన్ కరెంట్ పోతే పనిచేయదు. చల్లారుతున్న తేమలో క్రిములు మళ్లీ పెరుగుతాయి. రెండు గంటల్లోపు తినేయాలి, లేదా ఫ్రిజ్‌లో పెట్టాలి.

ఈ వారంలోనే ఒక పని చేయండి. శుభ్రంగా కడిగిన ప్లాస్టిక్ సీసాలో లీటరు బోరు నీళ్లు పట్టుకుని, గ్రామీణ నీటి సరఫరా శాఖ ల్యాబ్‌లో ఫ్లోరైడ్ టెస్ట్ చేయించండి. ఎక్కడ ఇవ్వాలో మీ పంచాయతీ కార్యదర్శి చెబుతారు. వచ్చిన నంబరు, అత్తమ్మ గారు వాడుతున్న మందుల పేర్లు రెండూ నాకు రాసి పంపండి.