బ్యాటరీ సీసం పెరట్లో కరిగిస్తే పిల్లలకు ప్రమాదమా?

ప్రమాదమే అండి. పాత బ్యాటరీలు పగలగొట్టి, సీసం కరిగించి విసురు వలకు గుళ్ళు పోస్తున్నామని, పొగ గాలికి పోతుంది కాబట్టి ఇంట్లో పిల్లలకూ కడుపుతో ఉన్న కోడలికీ ఫర్వాలేదా అని అడిగారు. పొగ పోయినా నేల మీద పొడి మిగులుతుంది. మా ఇంట్లో నష్టం చేసింది ఆ పొడే.

మాది ఒడిశాలో గోపాల్‌పూర్ దగ్గర ఒక జాలరి పేట. ఇక్కడ మమ్మల్ని నోలియాలంటారు, ఇంట్లో మాట మాత్రం తెలుగే. విషం అంటే మా వాళ్ళకు రుషికుల్య నది మొగ దగ్గర ఫ్యాక్టరీ వదిలిన పాదరసమే గుర్తొస్తుంది. సొంత పెరడు ఎవరికీ గుర్తురాదు. గుళ్ళు మా అయ్యే పోసేవాడు. బరంపురంలో పాత సామాన్ల కొట్టు నుంచి బ్యాటరీలు తెచ్చి, గొడ్డలితో పగలగొట్టి, యాసిడ్ జామచెట్టు మొదట్లో ఒంపేసి, పలకలు ఇనప మూకుట్లో వేసి కరిగించేవాడు. సీసం 327 డిగ్రీలకే కరుగుతుంది, కట్టెల పొయ్యి చాలు. పైన తేలిన మడ్డి గరిటెతో తీసి గోడవార పారేసేవాడు. ఆ మడ్డిలోనూ, పలకలకు అంటుకుని ఉండే ముద్దలోనూ, ఒంపేసిన యాసిడ్‌లోనూ సీసం ఉంటుంది. ఎండితే సన్నటి పొడవుతుంది. గట్టి గుండు కన్నా ఆ పొడి ఒంట్లోకి తేలిగ్గా పోతుంది.

మా పాపకు మూడో ఏట కడుపునొప్పి, మలబద్ధకం మొదలయ్యాయి. అన్నం ముట్టేది కాదు. నులిపురుగుల మందు వేశాం. రక్తం తక్కువుందని టానిక్ రాశారు. మూడో డాక్టరు ఒక్కరే "ఇంట్లో ఏం పని చేస్తారు?" అని అడిగారు. రక్తంలో సీసం పరీక్ష చేయిస్తే డెసిలీటరుకు 31 మైక్రోగ్రాములు వచ్చింది. 5 ఉన్నా సరే, అది ఎక్కణ్ణుంచి వస్తోందో వెతికి ఆపమంటుంది ప్రపంచ ఆరోగ్య సంస్థ. ఇంతవరకు ఏం కాదు అనే హద్దే లేదు.

"నలభై ఏళ్ళు పోశాను, నాకేం కాలేదే" అన్నాడు అయ్య. ఆ రాత్రి అన్నం తినలేదు. మింగిన సీసాన్ని పసిపిల్లల ఒళ్ళు పెద్దవాళ్ళకంటే నాలుగైదు రెట్లు ఎక్కువగా పీల్చుకుంటుంది. ఐరన్, కాల్షియం తక్కువుంటే ఇంకా ఎక్కువ. పైగా వాళ్ళ చేతులు ఎప్పుడూ నోట్లోనే కదా.

కాబట్టి కరిగించడం ఈ రోజే ఆపేయండి. పిల్లలకూ, కోడలికీ, పోసిన మనిషికీ నరం నుంచి రక్తం తీయించి పరీక్ష చేయించండి. కోడలి విషయం అసలు వాయిదా వేయకండి. ఎముకల్లో దాగిన పాత సీసం గర్భంతో ఉన్నప్పుడు రక్తంలోకి వచ్చి బిడ్డకు చేరుతుంది. పెరడు పొడిగా ఊడవకండి, తడిపి తీయండి. ఆ మూకుడు, గరిటె వంటింట్లోకి రానివ్వకండి. పని బట్టలు విడిగా ఉతకండి. నుయ్యి దగ్గరుంటే నీళ్ళు పరీక్ష చేయించాలి, కాచినంత మాత్రాన సీసం పోదు.

మా పాపకు విరుగుడు మందు వాడలేదు. అది సాధారణంగా రక్తంలో సీసం 45 మైక్రోగ్రాములు దాటినవాళ్ళకు ఇస్తారట. సీసం వచ్చే దారి మూసేసి, ఐరన్ మందుతో పాటు చోడి జావ, ముళ్ళతో సహా నెత్తళ్ళు పెట్టాం. నాలుగు నెలలకు 19కి దిగింది. ఇప్పుడు గుళ్ళు కొట్లో కొంటున్నాం. ఖర్చు ఎక్కువే. అవీ సీసమే కాబట్టి పట్టుకున్నాక సబ్బుతో చేతులు కడుగుతాం.

మడ్డి ఎక్కడెక్కడ పారేశారో ఇంట్లో పెద్దాయన్ని అడగండి. మా అయ్యకు మూడు చోట్లు గుర్తొచ్చాయి. నాలుగోది పాప చూపించింది, తను లక్కపిడతలతో ఆడుకునే చోటు.