నాహాష్ అనే మాట గురించి ఒక ఉత్తరం

చిరంజీవికి ఆశీస్సులు.

నీ వ్యాసం అంది మూడు వారాలైంది. ఇన్నాళ్లూ జవాబు రాయకపోవడానికి కారణం మొదటి పేజీలోనే నాకు వచ్చిన కోపం. "హీబ్రూ లేఖనాలలో పాము సాతానుకు ప్రతీక" అని ఒక్క వాక్యంలో తేల్చేసి, మిగిలిన పదకొండు పేజీలూ ఆ వాక్యానికి కాపలా కాశావు. ఆదికాండం మూడో అధ్యాయాన్ని మళ్లీ చదువు. అందులో సాతాను పేరు ఎక్కడా లేదు. దేవుడు చేసిన భూజంతువులలో ఒకటిగానే పాము అక్కడికి వస్తుంది. దానికీ సాతానుకూ ముడివేసినవారు శతాబ్దాల తర్వాతి పాఠకులు. నువ్వు ఉదహరించిన 'ఆదిసర్పము' ప్రకటన గ్రంథంలోని మాట. అది గ్రీకులో రాసిన క్రైస్తవ గ్రంథమే తప్ప హీబ్రూ లేఖనం కాదు.

ఆదికాండం రాసిన మనిషి అక్కడ చేసిన అసలు పని నీ కంట పడలేదు. రెండో అధ్యాయం చివరి వాక్యంలో ఆదాము, హవ్వ దంపతులు 'అరుమ్మీం', అంటే దిగంబరులు. ఆ వెంటనే వచ్చే వాక్యంలో పాము 'అరూం', అంటే యుక్తి గలది. ఇంకొంచెం కిందికి వెళితే అదే పాము 'అరూర్', శాపగ్రస్తం. నగ్నత్వం, యుక్తి, శాపం ఒకే పలుకు మీదుగా జారిపోతాయి. మన తెలుగు బైబిలులో "యుక్తిగలదై యుండెను" అన్నచోట అర్థం దిగింది, ధ్వని దిగలేదు. అందుకు అనువాదకులను తప్పుపట్టలేం. మూలంలో ఏముందో వెతకకుండా ప్రతీకల గురించి రాసినందుకు నిన్ను తప్పుపట్టవచ్చు.

'ప్రతీక' అన్న మాట మీద నాకు ముప్పై ఏళ్ల పగ ఉంది. ఒక గ్రంథాలయంలో హీబ్రూ నిఘంటువును ఇంటికి ఇవ్వనంటే, రెండు వేసవులు అక్కడే కూర్చుని కావలసిన పుటలు చేత్తో నకలు రాసుకున్నాను. కుడి నుంచి ఎడమకు రాయడం అలవాటు లేక తడి సిరా మీద చేయి పాకి, అక్షరాలన్నీ అలుక్కుపోయేవి. అలా కూడబెట్టిన మాటలతో రాసిన వ్యాసాన్ని ఒక వారపత్రిక సంపాదకుడు తీసుకుని, పాఠకులకు నోరు తిరగదంటూ హీబ్రూ పదాలన్నీ కొట్టేసి, 'పాపానికి ప్రతీక' అని శీర్షిక తగిలించి, పైన పడగవిప్పిన పాము బొమ్మతో అచ్చు వేశాడు. నీ వ్యాసం చదువుతుంటే ఆ బొమ్మే కళ్లముందు కదిలింది.

పాముకు హీబ్రూలో మామూలు మాట 'నాహాష్'. ఆ అక్షరాలతోనే శకునం చూడడానికి క్రియ ఉంది. 'నెహోషెత్' అంటే రాగి, లేదా కంచు. సంఖ్యాకాండం 21వ అధ్యాయంలో ఎడారిలో విసిగి సణిగిన జనం మీదికి దేవుడు 'నెహాషీం సెరాఫీం'ను, మండించే పాములను, పంపుతాడు. మందు కూడా ఆయనే చెబుతాడు: అలాంటిదొకటి చేసి స్తంభం మీద పెట్టాలి, కరవబడినవారు దాన్ని చూస్తే బతుకుతారు. అయితే ఆయన నోట వచ్చిన మాట 'సారాఫ్', మండించేది, మాత్రమే. దేనితో చేయాలో చెప్పలేదు. మోషే చేసినది 'నెహష్ నెహోషెత్', రాగి పాము. నాకైతే లోహాన్ని ఎంచినది చెవి అనిపిస్తుంది. తెలుగులో 'ఇత్తడి సర్పము' అనేసరికి ఆ మోత అణగిపోయింది. యెషయా ఆరో అధ్యాయంలో సింహాసనానికి పైగా ఆరేసి రెక్కలతో నిలబడి పరిశుద్ధుడు, పరిశుద్ధుడు అని పలికేవారి పేరు కూడా 'సెరాఫీం'. ఎడారిలో కరిచి చంపిన మాటే ఆలయంలో స్తుతి చేస్తోంది. ఇంత జరుగుతుంటే నువ్వు ఈ ఘట్టాన్ని రెండు వాక్యాలతో దాటేశావు.

ఆ పాము కథ అక్కడితో ఆగలేదు. రాజుల రెండో గ్రంథం 18వ అధ్యాయంలో జనం దానికి ధూపం వేస్తున్నారని యూదా రాజు హిజ్కియా దాన్ని ముక్కలు చేయించాడు. దాని పేరు 'నెహుష్టాను'. మోషే చేసిన వస్తువును పగలగొట్టినందుకు ఆ గ్రంథం రాజును మెచ్చుకుంటుంది కూడా. పాము చంపుతుందా, బతికిస్తుందా అని మిష్నా అనే యూదుల ధర్మశాస్త్ర సంకలనంలోని పండితులు తర్వాత సూటిగానే అడిగారు. జనం పైకి చూసి తమ మనసులను పరలోకంలోని తండ్రికి లోబరచినప్పుడు స్వస్థపడ్డారని వారే జవాబు చెప్పుకున్నారు. ఇశ్రాయేలు దక్షిణాన తిమ్నా రాగిగనుల దగ్గర, ఈజిప్టు దేవత హాథోర్ గుడిలో 1969లో తలకు బంగారు పూత ఉన్న చిన్న రాగి పాము దొరికింది. అది మోషే పాము అని ఎవరైనా అంటే నమ్మకు. ఆ ప్రాంతంలో రాగి పాములు చేసి పూజాస్థలాల్లో ఉంచేవారని మాత్రం దాన్ని చూసి చెప్పవచ్చు.

యెషయా 27లో లివ్యాతాను అనే సముద్ర సర్పానికి ఉన్న విశేషణాలు సిరియాలోని రాస్ షమ్రాలో బయటపడిన ఉగరిత్ నగరపు మట్టి పలకల మీద, బయలు దేవుడి కథలో, అంతకు ఎన్నో శతాబ్దాల ముందే ఉన్నాయి. దానికి వేరే వ్యాసం కావాలి, ఇందులో ఇరికించకు. 'నాహాష్', 'మషీయాహ్' (మెస్సీయ) మాటల్లో హీబ్రూ అక్షరాల విలువలు కూడితే రెండూ 358 అన్నావు. లెక్క సరైనదే. అయినా అది తర్వాతి వారి వినోదం, ముగింపుకు పనికిరాదు.

యెషయా 11లో పాలుతాగే పసివాడు ఆడుకునేది మూలంలో నాగుపాము కన్నం దగ్గర. మన అనువాదకులు దాన్ని 'పుట్ట' అన్నారు. నాగులచవితి నాడు పాలు పోసే పుట్ట ఆ వాక్యంలోకి ఎలా నడిచి వచ్చిందో, తెలుగులో రాసేదానివి, నువ్వు చూడాలి కదా తల్లీ.

ఏ పత్రికకు పంపాలని అడిగావు, ఇంకేవో అడిగావు. ముందు వ్యాసం తిరిగి రాయి. తొమ్మిదో పేజీలో, పాము కరిచిన రాత్రి మీ తాతగారు బండి కోసం తెల్లవార్లూ వీధి గుమ్మం వైపే చూస్తూ పడుకున్నారని ఒక వాక్యం రాసి వదిలేశావు. సంఖ్యాకాండంలో కరవబడినవారు చేయవలసిన పని కూడా చూడడమే. వ్యాసం అక్కడ మొదలుపెట్టు. ఆయన ఏమయ్యారో నువ్వు రాయలేదు. అది రాసి పంపు.