ఇగ్వానా గిన్నెలో నీళ్లు ముట్టడం లేదు, రోజూ స్నానం చేయిస్తే సరిపోతుందా?

సందేహం: డాక్టర్ గారూ, మా దగ్గర నాలుగేళ్ల మగ పచ్చ ఇగ్వానా బల్లి ఉంది. తోకతో కలిపి నాలుగున్నర అడుగుల పొడవు, 3 కిలోల బరువు. గిన్నెలో నీళ్లు పెడితే మూతి కూడా పెట్టదు. నెల రోజులుగా రెట్టలో తెల్లగా ఉండే భాగం పసుపు రంగుకు తిరిగింది, ఎండాక ఇసుకలా గరగరలాడుతోంది. కాలివేళ్ల మీద పాత చర్మం ఊడి రావడం లేదు. రోజూ అరగంట నీళ్లలో ఉంచితే చర్మం నీటిని పీల్చుకుంటుందని కొందరు చెప్పారు. టబ్‌లో దించగానే గింజుకుని గోళ్లతో రక్కేస్తోంది. ఎదిగే జీవం కదా అని వారానికి రెండు ఉడికించిన గుడ్లు కూడా పెడుతున్నాం. స్నానం ఎన్నిసార్లు చేయించాలి? నీళ్లు వేడిగా ఉండాలా? సబ్బు వాడొచ్చా? తుమ్మినప్పుడు అద్దం మీద తెల్లటి పొడి పడుతోంది, జలుబు చేసిందా?

సలహా: స్నానం గురించి తర్వాత మాట్లాడుకుందాం. మీ ఉత్తరంలో నన్ను ఆపిన మాట రెట్ట రంగు.

కోళ్లను పెంచినవాళ్లకు ఈ తెల్ల భాగం కొత్త కాదు. కోడికీ ఇగ్వానాకీ ఒంట్లోని నత్రజని వ్యర్థం యూరిక్ ఆమ్లంగా, ముద్దలా బయటికి వస్తుంది. నీటిని పొదుపు చేసుకునే పద్ధతి అది. ఒంట్లో నీరు చాలినంత ఉంటే ఆ ముద్ద తెల్లగా, మెత్తగా పెరుగులా ఉంటుంది, దాని చుట్టూ కాస్త తేట నీరు కనిపిస్తుంది. నీరు తగ్గేకొద్దీ చిక్కబడి, పసుపెక్కి, చివరికి సుద్దముక్కలా గట్టిపడుతుంది. ఫారంలో నీటి లైను మూసుకుపోయి కోళ్లకు నీళ్లు అందకపోతే, చనిపోయిన కోడిని కోసి చూసినప్పుడు గుండె మీద, కాలేయం మీద సున్నం చల్లినట్టు ఉంటుంది. దాన్ని గౌట్ అంటాం. ఇగ్వానాలో కూడా ఇదే జరుగుతుంది, కాకపోతే నెమ్మదిగా, నెలలూ సంవత్సరాలూ పడుతుంది. మన కిడ్నీలాగా మూత్రాన్ని రక్తం కంటే చిక్కగా మార్చే ఏర్పాటు సరీసృపాల కిడ్నీలో లేదు. నీరు తగ్గితే ఆ కిడ్నీకి రక్తం సరిగా అందదు, యూరిక్ ఆమ్లం రక్తంలోనే నిలిచిపోయి కీళ్లలో, అవయవాల మీద స్ఫటికాలుగా పేరుకుంటుంది. ఎదిగిన పెంపుడు ఇగ్వానాల ప్రాణం తీసే జబ్బుల్లో కిడ్నీ జబ్బు ముందు వరుసలో ఉంటుంది.

అందుకే గుడ్లు ఈరోజే మానేయండి. ఇగ్వానా ఆకులు తిని బతికే జీవి. గుడ్డు, మాంసం, కుక్కల పెల్లెట్లు, పిల్లుల పెల్లెట్లు ఇవన్నీ కిడ్నీ మీద బరువే. ప్రేమతోనే పెట్టారు, అది నాకు తెలుసు. కానీ ఒకవైపు నీళ్లు అందక, మరోవైపు మాంసకృత్తులు ఎక్కువై, రెండూ కలిస్తే ఏ కిడ్నీ అయినా ఎంతకాలం తట్టుకుంటుంది?

ఇక గిన్నెలో నీళ్లు ఎందుకు తాగదు? గేదె తొట్టి దగ్గరికి వెళ్లి మూతి పెట్టి తాగినట్టు ఇది తాగాలని మనం అనుకుంటాం. ఇగ్వానాలు మధ్య, దక్షిణ అమెరికా అడవుల్లో నదుల మీదికి వంగిన చెట్ల కొమ్మల మీద బతికే జాతి. వాటికి తెలిసిన నీళ్లు వాన పడ్డాక ఆకుల కొసన జారే చుక్కలు, మంచు తడి, ఇంకా తినే ఆకులోని నీరు. కదలని గిన్నెలోని నీటిని కొన్ని అసలు నీటిగా గుర్తించవు. కాబట్టి నీటినే దాని అలవాటుకు తగ్గట్టు అందించాలి.

మొదట మేత తడపండి. ఆకులు కడిగాక నీళ్లు విదిలించకండి, చుక్కలు కారుతుండగానే పెట్టండి. మందార ఆకులు, పువ్వులు, ఆవాకు లాంటివి మంచివి. పాలకూరను రోజువారీ మేతగా పెట్టకండి, అందులోని ఆక్సలేట్లు కాల్షియాన్ని పట్టేసుకుంటాయి. ఎండు పెల్లెట్లు పెడుతుంటే నానబెట్టకుండా ఇవ్వొద్దు. తర్వాత స్ప్రేయర్‌తో రోజుకు రెండు మూడుసార్లు కొమ్మల మీద, ఆకుల మీద చుక్కలు నిలిచేలా చల్లండి. మూతి పక్కన సన్నగా పడితే చాలావరకు నాలుక చాపి నాకడం మొదలుపెడుతుంది. కళ్లలోకి కొట్టకండి. ఇంకో చిన్న ఉపాయం ఉంది. ప్లాస్టిక్ సీసా అడుగున సూదితో బెజ్జం పెట్టి, అది కూర్చునే కొమ్మకు పైన వేలాడదీయండి, కింద వెడల్పాటి గిన్నె ఉంచండి. చుక్క పడి నీరు కదులుతుంటే దాని కన్ను అటు పోతుంది. గిన్నె మాత్రం తీసేయొద్దు. బరువైన వెడల్పు గిన్నెను వేడి కోసం పెట్టిన దీపానికి దూరంగా పెట్టి, రోజూ రుద్ది కడగండి. లోపల వేలు పెడితే జారుతోందంటే కడగనట్టే లెక్క.

మూడోది గాలిలో తేమ. నా దృష్టిలో ఇది స్నానం కంటే ముఖ్యం. పచ్చ ఇగ్వానాకు 60 నుంచి 80 శాతం తేమ కావాలి. వేడి దీపాలు, ఏసీ గాలి ఆ తేమను లాగేస్తాయి. వారానికి మూడుసార్లు స్నానం చేయించి, మిగతా వేళల్లో 30 శాతం తేమ ఉన్న గదిలో ఉంచితే అది ఊపిరి పీల్చి వదిలిన ప్రతిసారీ నీరు పోగొట్టుకుంటూనే ఉంటుంది. తేమను కొలిచే హైగ్రోమీటర్ ఒకటి పెట్టి చూడండి, కంటికి తేమ ఎంతో తెలియదు. సన్నటి నీటి పొగ వదిలే ఫాగర్ పెట్టొచ్చు, పెద్ద ఆకుల మొక్కలు పెట్టొచ్చు. అలాగని అన్నివైపులా మూసేసి ఆవిరి పట్టించకండి. గాలి ఆడని తడిలో పొట్ట కింద చర్మం పొక్కులు లేస్తుంది, ఊపిరితిత్తులకు నెమ్ము చేస్తుంది. స్ప్రే చేసేటప్పుడు వేడెక్కిన బల్బు మీద చుక్క పడితే అది పగులుతుంది, కరెంటు తీగలను కూడా చూసుకోండి.

ఇప్పుడు స్నానం. మీకు చెప్పినవాళ్ల మాటలో సగమే నిజం. బల్లి చర్మం కప్పలాంటిది కాదు. నీరు లోపలికి, బయటికి పోకుండా కట్టిన పొలుసుల కవచం అది. స్నానం వల్ల వచ్చే మేలు ఏమిటంటే, నీళ్లలో ఉన్నంతసేపు చాలా ఇగ్వానాలు తల వంచి తాగుతాయి, మలబద్ధకం సడలుతుంది, పాత చర్మం మెత్తబడుతుంది. తాగకుండా అరగంట కూర్చుంటే లోపలికి పోయిన నీరు దాదాపు ఏమీ లేనట్టే. అందుకని స్నానమయ్యాక ఎన్ని నిమిషాలు కూర్చుందని కాదు, తాగిందా లేదా అని రాసుకోండి.

నీటి వేడి 29 నుంచి 32 డిగ్రీల సెల్సియస్ మధ్య ఉండాలి. ఇక్కడే చాలామంది పొరబడతారు. మన చేతికి హాయిగా వెచ్చగా అనిపించే నీళ్లు దానికి ఎక్కువ వేడి. 30 డిగ్రీల నీరు మన చేతికి దాదాపు ఏ వేడీ లేనట్టు, కాస్త చల్లగానే తగులుతుంది. థర్మామీటర్ వాడండి. చిన్న టబ్‌లో పది నిమిషాల్లో నీరు చల్లారిపోతుంది కాబట్టి మధ్యలో కొంచెం వెచ్చటి నీరు కలపాలి, దాని ఒంటి మీద పోయకుండా, ఒక మూలగా. లోతు దాని ముందుకాళ్ల మోచేతుల దాకా, అంటే కాళ్లు నేలకు ఆని ఉండగానే తల పైకి పెట్టుకోగలిగేంత. ఒక్కసారి 15–20 నిమిషాలు, వారానికి రెండు మూడుసార్లు చాలు. చర్మం వదిలే రోజుల్లో రోజూ చేయించినా తప్పులేదు.

మీ ఇగ్వానా గింజుకోవడానికి నేను అనుకునే కారణం అడుగు జారడం. నున్నటి ప్లాస్టిక్ మీద గోళ్లకు పట్టు దొరకదు. ఉడుంపట్టు అని మనం ఊరికే అనం. ఈ జీవులకు కాలి కింద పట్టు ఉంటేనే ధైర్యం. అడుగున తడి తువ్వాలు పరవండి, ఒక మూల పైకి ఎక్కడానికి కట్టెముక్క ఉంచండి. మొదటి మూడు నాలుగు రోజులు నీళ్లు లేకుండానే టబ్‌లో దించి, ఇష్టమైన ఆకు ఒకటి ఇచ్చి తీసేయండి. తర్వాత అరచేయి లోతు నీళ్లు. ఎత్తేటప్పుడు ఒక చేయి ఛాతీ కింద, ఒక చేయి వెనక కాళ్ల దగ్గర ఉండాలి. తోక పట్టుకుంటే తెగిపోవచ్చు. మళ్లీ మొలిచే తోక ముదురు రంగులో, పొట్టిగా వస్తుంది. ఒళ్లు ఉబ్బించి, కళ్లు మూసుకుని కదలకుండా ఉంటే హాయిగా ఉందని మురిసిపోకండి, చాలాసార్లు అది టెన్షన్‌కు గుర్తు. అంత గొడవ చేస్తుంటే ఆరోజుకు ఆపేయండి. స్ప్రే, తడి ఆకులు, గాలిలో తేమ సరిగా ఉంటే స్నానం తగ్గినా కొంప మునగదు.

వేళ కూడా చూసుకోవాలి. దీపం కింద ఒంటికి వేడి పట్టాక, పగటిపూటే చేయించండి. చల్లబడ్డ ఒంటితో నీళ్లలో దించినా, రాత్రి దీపాలు ఆర్పే ముందు చేయించినా ఆ తడి అరిగే శక్తిని దెబ్బతీస్తుంది. స్నానం తర్వాత తువ్వాలుతో అద్ది, 35 డిగ్రీల దాకా వేడి ఉండే, దీపం కింద అది వెచ్చబడే చోటికి పంపండి. టబ్‌లో ఉన్నప్పుడు దాన్ని వదిలి అవతలికి వెళ్లకండి.

నీళ్లలో దించగానే చాలావరకు మలవిసర్జన చేస్తాయి. వెంటనే నీళ్లు పారబోసి కొత్తవి పోయండి, ఎందుకంటే అది తాగేది ఆ నీళ్లే. ఆ టబ్ దానికే ఉండాలి. మనుషులు స్నానం చేసే తొట్టె, వంటింటి సింకు వద్దు. పైకి ఆరోగ్యంగా ఉన్న బల్లి పేగుల్లోనూ మనుషులకు విరేచనాలు తెప్పించే సాల్మొనెల్లా బ్యాక్టీరియా ఉండొచ్చు. టబ్‌ను సబ్బుతో కడిగి, బ్లీచ్ కలిపిన నీటితో శుభ్రం చేసి, బాగా తొలిచి ఆరబెట్టండి, చేతులు సబ్బుతో కడుక్కోండి. ఐదేళ్లలోపు పిల్లలను, గర్భిణులను, రోగనిరోధక శక్తి తగ్గినవాళ్లను ఈ పనికి దూరంగా ఉంచండి. సబ్బు టబ్‌కే, ఇగ్వానాకు కాదు. మామూలు తాగునీరు సరిపోతుంది.

కాలివేళ్ల సంగతి వాయిదా వేయొద్దు. ఊడని చర్మం ఉంగరంలా బిగిసి రక్తాన్ని ఆపేస్తుంది, కొన్నాళ్లకు వేలు నల్లబడి ఎండిపోతుంది. నానబెట్టాక మెత్తటి టూత్‌బ్రష్‌తో గోరు వైపుకు నెమ్మదిగా తోయండి. రాకపోతే ఇంకో రోజు చూడండి, గోరుతో లాగకండి. వీపు మీది ముళ్లకూ అంతే. వేలు వాచినా, రంగు మారినా డాక్టర్‌కు చూపించాలి.

ఈ పద్ధతి అన్ని పెద్ద బల్లులకూ వర్తించదు. ఎడారిలో బతికే ముళ్లతోక బల్లి యురోమాస్టిక్స్‌కు నీరు ఆకుల నుంచే అందుతుంది, దాన్ని టబ్‌లో పెట్టే పనే లేదు. దక్షిణ అమెరికా పెద్ద బల్లి టెగూకు తడి మట్టిలో దూరే చోటు కావాలి. ఊసరవెల్లికి చుక్కలే నీళ్లు, స్నానం దానికి హింస. జాతి ఏదో తెలిశాకే ఎవరి సలహానైనా పాటించండి, నాదైనా సరే.

పై మార్పులు చేసి ఒక వారం రెట్టను గమనించండి. బరువు వారానికోసారి తూచి రాసుకోండి. వారంలో తెలుపు తిరిగి రాకపోయినా, అంతకుముందే మేత మానేసినా, కళ్లు లోపలికి పోయినా, నోట్లో ఉమ్మి తీగలా సాగుతున్నా, వెనక కాళ్లు లేదా వేళ్లు అదురుతున్నా ఆలస్యం చేయకుండా సరీసృపాలను చూసే పశువైద్యుడి దగ్గరికి వెళ్లండి. నిజానికి నెల రోజులు గడిచాయి కాబట్టి ఎలాగూ ఒకసారి రక్తపరీక్ష చేయించడం మంచిది. కాల్షియం, ఫాస్పరస్, యూరిక్ ఆమ్లం మూడూ చూడమనండి. యూరిక్ ఆమ్లం ఒక్కటే మామూలుగా ఉందని ఊరటపడొద్దు, కిడ్నీ చాలావరకు పాడయ్యాకే అది పెరుగుతుంది. ఫాస్పరస్ కాల్షియాన్ని దాటిందంటే మాత్రం విషయం ముదిరినట్టే. ఆలోగా సిరంజితో నోట్లోకి నీళ్లు కొట్టకండి. ఊపిరి ద్వారం నాలుక వెనకే ఉంటుంది, నీళ్లు ఊపిరితిత్తుల్లోకి పోతాయి. పశువులకు వాడగా మిగిలిన జెంటామైసిన్ లాంటి యాంటీబయాటిక్ ఇంజెక్షన్లు దీనికి వేయకండి. నీరు తగ్గిన కిడ్నీకి అవి విషం.

తుమ్ము సంగతి. అది జలుబు కాదు. ఇగ్వానా ముక్కులో ఉప్పును బయటికి పంపే గ్రంథులు ఉన్నాయి. ఒంట్లో ఎక్కువైన ఉప్పును తుమ్మి వదిలేస్తుంది, ఆరాక అద్దం మీద తెల్లగా మిగులుతుంది. ముక్కు నుంచి చీమిడి కారినా, బుడగలు వచ్చినా, నోరు తెరుచుకుని ఊపిరి తీసినా అప్పుడు చూపించండి. మిగతా రోజుల్లో తడిగుడ్డతో అద్దం తుడిస్తే చాలు.