ఒక ఎకోలో 28, ఇంకో ఎకోలో 46. నాన్న వాల్వ్ గ్రేడియంట్ రెండు చోట్ల రెండు రకాలుగా ఎందుకొచ్చింది?

మీరడిగింది నాకర్థమైనంతవరకు ఇదీ: నాన్నగారికి 71 ఏళ్లు, అయోర్టిక్ వాల్వ్ (గుండెలోంచి రక్తం ఒంట్లోకి వెళ్లే దారిలో ఉండే తలుపు) సన్నబడిందన్నారు, మీ ఊళ్లో తీసిన ఎకోలో, అంటే గుండె స్కాన్‌లో, మీన్ గ్రేడియంట్ 28, మోడరేట్ అని రాశారు, మూడు వారాలకి సిటీలో తీస్తే 46, సివియర్ అన్నారు, ఇప్పుడు యాంజియో చేసేటప్పుడు లోపల ట్యూబ్ పెట్టి మళ్లీ కొలుస్తామంటున్నారు, ఏది నమ్మాలి, అది అవసరమా అని. నేను పన్నెండేళ్లుగా ఎకో టెక్నీషియన్‌ని, డాక్టర్ని కాదు, కాబట్టి ఆపరేషన్ విషయం మీ కార్డియాలజిస్టే చెప్పాలి. కానీ ఈ నంబర్ ఎలా పుడతదో, ఎక్కడ తప్పుతదో మాత్రం రోజూ చేతులతో చేసే పని కాబట్టి చెప్పగలను.

ముందు ఒక మాట. మూడు వారాల్లో వాల్వ్ అంత పాడైపోదు. రోగం ముదరడానికి ఏళ్లు పడతది. కాబట్టి తేడా చాలావరకు కొలతలోనే ఉంది.

ఎకోలో ప్రెషర్‌ని నేరుగా కొలవం, అక్కడ కొలిచేది రక్తం స్పీడు. పొలంలో నీళ్ల పైపు మూతికి బొటనవేలు అడ్డం పెడితే ధార ఎలా దూసుకెళ్తదో, సన్నబడిన వాల్వ్‌లోంచి రక్తం అలా దూకుతది. ఆ స్పీడుని దానితోనే గుణించి మళ్లీ 4తో గుణిస్తే గుండె గదికీ బయట పెద్ద రక్తనాళానికీ మధ్య ప్రెషర్ తేడా వస్తది, దాన్నే గ్రేడియంట్ అంటాం, బీపీ లాగే mmHgలో రాస్తాం. సెకనుకి 4 మీటర్లయితే 64 అన్నమాట. బెర్నౌలీ 1738లో రాసిన సూత్రాన్నే కుదించి వాడతాం. 1970ల చివర్లో నార్వేలో లివ్ హాట్లే అనే డాక్టరమ్మ, ఆమెతో పనిచేసినవాళ్లు ఇది పేషెంట్ల మీద పనికొస్తదని చూపించారు, అంతకుముందు గుండెలోకి ట్యూబ్ పంపితే తప్ప ఈ నంబర్ తెలిసేది కాదు.

మామూలుగా సివియర్ అనాలంటే స్పీడు 4 మీటర్లు లేదా పైన, మీన్ గ్రేడియంట్ 40 లేదా పైన, వాల్వ్ తెరుచుకునే ఏరియా 1 చదరపు సెంటీమీటరు లేదా లోపు. ఇక్కడ పీక్ వేరు, మీన్ వేరు: పీక్ అంటే అతి పెద్ద తేడా, మీన్ అంటే వాల్వ్ తెరుచుకుని ఉన్నంతసేపటి సగటు. మీ సిటీ రిపోర్టులో మీన్ 46 అంటే పీక్ 70 పైన ఉండి ఉండాలి, ఊళ్లో రిపోర్టులో మీన్ 28 అంటే పీకే 46 దగ్గర ఉండి ఉండొచ్చు. ఒక దాంట్లో పీకు, ఇంకో దాంట్లో మీను చూసి పోల్చేసి కంగారుపడే వాళ్లని చాలామందిని చూశాను, అందుకని ముందు రెండు కాగితాలూ పక్కపక్కన పెట్టి అది సరిచూసుకోండి.

ఇక అసలు సంగతి. డాప్లర్ కిరణం (స్పీడు కొలవడానికి మెషీన్ పంపే శబ్ద తరంగం) రక్తం ధారకి సరిగ్గా ఎదురుగా పడితేనే నిజమైన స్పీడు కనపడతది. కొంచెం పక్కకి పోతే తక్కువ చూపిస్తది, అంతేగానీ ఎక్కువ చూపించదు. నిజం స్పీడు 4.3 అనుకోండి, గ్రేడియంట్ 74. కిరణం 30 డిగ్రీలు పక్కకి పోయిందంటే 3.7 చూపిస్తది, గ్రేడియంట్ 55కి పడిపోద్ది. స్పీడుని దానితోనే గుణిస్తాం కాబట్టి చిన్న తప్పు పెద్దదైపోద్ది. ధార ఎటు తిరిగి ఉందో తెర మీద బొమ్మలో సరిగ్గా తెలియదు, అందుకే ఒక్క చోట నుంచి కాకుండా నాలుగైదు చోట్ల నుంచి వెతకాలి: రొమ్ము కింద గుండె కొస దగ్గర, ఛాతీ ఎముకకి కుడిపక్క, మెడ కింద గుంటలో.

ఇది నాకు తెలిసొచ్చింది మా పెదనాన్న వల్ల. తెనాలి దగ్గర పల్లెలో వ్యవసాయం, బాగా గట్టి మనిషి. ఒక చోట ఎకో తీసి స్పీడు 3.2, మోడరేట్, ఏడాది తర్వాత రండి అన్నారు. ఆ ఏడాదిలోపే ఒకరోజు గట్టు మీద కళ్లు తిరిగి పడిపోయారు. పెద్దమ్మ ఫోన్ చేసి ఏడుస్తుంటే నా దగ్గరకి తీసుకురమ్మన్నాను. నేను కూడా మామూలుగా ఎడమ పక్కకి తిప్పి కొస నుంచి చూస్తే అదే 3.2, 3.3. వాల్వ్ చూస్తే మాత్రం రాయిలా తెల్లగా, కదలడమే లేదు, బొమ్మకీ నంబర్‌కీ పొంతన లేదు. మా సీనియర్ మేడమ్‌ని పిలిచాను. ఆవిడ డ్రాయర్‌లోంచి పెన్సిల్ ప్రోబ్ తీశారు, నిజంగానే పెన్నులా ఉంటది, దాంట్లో బొమ్మ రాదు, శబ్దమూ గ్రాఫూ మాత్రమే. పెదనాన్నని కుడి పక్కకి పూర్తిగా తిప్పి, కుడి చెయ్యి తల కింద పెట్టించి, ఎముక పక్కన రెండో సందులో జెల్ రాసి, కళ్లు మూసుకుని శబ్దం వింటూ ప్రోబ్‌ని అర మిల్లీమీటరు చొప్పున కదిపారు. మొదట గరగర. తర్వాత బుస. ఇంకొంచెం వంచితే ఆ బుస సన్నబడి సన్నబడి కుక్కర్ విజిల్ వేసేముందు వస్తది చూడండి, అలాంటి కూత అయింది. గ్రాఫులో అంచు పదునుగా వచ్చింది. 4.3. నేను పెదనాన్న వీపు పట్టుకుని నిలబడి ఉన్నాను, నా చేతులు చల్లబడ్డాయి.

ఆ రోజు నుంచీ పెన్సిల్ ప్రోబ్ పెట్టకుండా ఒక్క అయోర్టిక్ స్టెనోసిస్ (ఈ వాల్వ్ సన్నబడే రోగం) కేసు కూడా వదలలేదు. ఓపీలో నలభై మంది లైన్లో ఉంటే పది నిమిషాలు ఎక్కువ పడతది, తిట్లు పడతాయి, అయినా సరే. కుడిపక్క నుంచి చూడకుండా మోడరేట్ అని రాయడం తప్పు అని నేను గట్టిగా నమ్ముతాను.

కాబట్టి మీ రెండు రిపోర్టుల్లో పెద్ద నంబరే నిజానికి దగ్గరగా ఉండే అవకాశం ఎక్కువ. కానీ దీనికీ మినహాయింపులున్నాయి. పక్కనే ఉండే ఇంకో వాల్వ్, మైట్రల్ వాల్వ్, లీకు ఉంటే ఆ ధార కూడా అదే దిశలో, ఇంకా ఎక్కువ స్పీడుతో వస్తది, కంగారులో దాన్ని పట్టుకుని 5 అని రాసేసిన సందర్భాలున్నాయి. గుండె లయ తప్పి కొట్టుకుంటుంటే ఒక్కో బీటుకి ఒక్కో నంబర్ వస్తది, అప్పుడు కనీసం ఐదు బీట్ల సగటు తీసుకోవాలి, అందులో బాగున్న ఒక్కదాన్ని తీసుకోకూడదు. రక్తం తక్కువున్నా, జ్వరమున్నా, థైరాయిడ్ ఎక్కువున్నా గుండె ఎక్కువ రక్తం తోస్తది, గ్రేడియంట్ పెరుగుతది. ఎకో తీసేటప్పుడు బీపీ 190 లాంటిది ఉంటే గ్రేడియంట్ తక్కువగా రావచ్చు. మీ ఊళ్లో తీసినప్పుడు బీపీ రాశారేమో చూడండి, చాలామంది రాయరు.

ఏరియా లెక్కలో ఇంకో చిక్కు. వాల్వ్ కిందుండే దారి వెడల్పు కొలిచి దాన్ని కూడా దానితోనే గుణిస్తాం. ఒకాయనకి అది 2 సెంటీమీటర్లు పెడితే వాల్వ్ ఏరియా 0.84 వచ్చింది, అదే బొమ్మ మీద ఇంకొకరు 2.2 పెడితే 1.01. రెండు మిల్లీమీటర్లకి రోగం పేరు మారిపోయింది.

గ్రేడియంట్ తక్కువుంది కదా అని ధైర్యపడకూడని రకం కూడా ఒకటుంది, ఇది కచ్చితంగా చెప్పాలి. గుండె కండరమే బలహీనపడితే తోసే రక్తం తక్కువ, పైపులో నీళ్లే సరిగ్గా రాకపోతే వేలు ఎంత అడ్డం పెట్టినా ధార ఎక్కడ దూకుద్ది? ఒకామెకి పంపింగ్ 30 శాతం, మీన్ 26, ఏరియా 0.8. డోబుటమిన్ అనే మందు ఐవీలో కొంచెం కొంచెంగా ఎక్కించి గుండెని గట్టిగా కొట్టించి మళ్లీ కొలిచాం, గ్రేడియంట్ 44కి పెరిగింది, ఏరియా 0.8 దగ్గరే ఉండిపోయింది, అంటే వాల్వ్ నిజంగానే బిగుసుకుపోయింది. ఏరియా పెరిగి గ్రేడియంట్ పెరగకపోతే అసలు లోపం కండరంలో ఉన్నట్టు. పంపింగ్ 60 ఉన్నా, గోడలు మందమై గది చిన్నదైన పెద్ద వయసు ఆడవాళ్లలో కూడా ఇలా తక్కువ గ్రేడియంట్ వస్తది. వాళ్లకి సీటీ స్కాన్‌లో కాల్షియం స్కోర్, అంటే వాల్వ్ మీద ఎంత కాల్షియం పేరుకుందో, చూస్తారు, ఆడవాళ్లకి 1200, మగవాళ్లకి 2000 దాటితే సివియర్ అయ్యే అవకాశం ఎక్కువ అని లెక్క. మీ నాన్నగారి విషయంలో రెండు ఎకోలకీ పొత్తు కుదరకపోతే ఈ సీటీ గురించి అడగొచ్చు, దానికి డై ఎక్కించక్కర్లేదు, నొప్పీ ఉండదు.

ట్యూబ్ పెట్టి కొలవడం గురించి. యాంజియో వేరు, ఇది వేరు. ఆపరేషన్ ఆలోచన ఉంటే గుండె రక్తనాళాల్లో బ్లాకులున్నాయో లేదో చూడడానికి యాంజియో ఎలాగూ కావాల్సి రావచ్చు. వాల్వ్ దాటించి లోపల ప్రెషర్ కొలవడం మాత్రం ఎకో స్పష్టంగా ఉన్నప్పుడు అవసరం లేదు, గట్టిపడిన వాల్వ్‌లోంచి ట్యూబ్ దూర్చేటప్పుడు కాల్షియం ముక్క ఊడి మెదడుకి పోయే రిస్క్ కొంచెమైనా ఉంటది. ఎకో, సీటీ, ఆయాసం ఒకదానికొకటి కలవనప్పుడు దానికి అర్థముంది. ఒకవేళ చేస్తే అక్కడ 50 అని వచ్చి ఎకోలో పీక్ 74 ఉంటే ఎవరో తప్పు చేశారనుకోకండి. క్యాథ్ ల్యాబ్‌లో (యాంజియో చేసే గదిలో) గుండె గది ప్రెషర్ శిఖరం నుంచి రక్తనాళం ప్రెషర్ శిఖరాన్ని తీసేస్తారు, ఆ రెండు శిఖరాలూ ఒకే క్షణంలో రావు. ఎకోది ఏదో ఒక క్షణంలో ఉండే అతి పెద్ద తేడా. పోల్చాలంటే మీన్‌ని మీన్‌తోనే పోల్చాలి.

ఇప్పుడు మీరు చేయాల్సింది: సిటీ ఎకో తీసినవాళ్లని ఆ 46 ఎక్కడ నుంచి పెట్టి చూస్తే వచ్చింది, గ్రాఫ్ అంచు స్పష్టంగా ఉందా, మైట్రల్ లీకు ఉందా అని అడగండి, మంచివాళ్లయితే స్క్రీన్ మీద చూపిస్తారు. ఇంకోటి, నాన్నగారిని ఆయాసం ఉందా అని అడిగితే లేదంటారు. మా పెదనాన్న కూడా లేదనే అన్నారు, పెద్దమ్మనడిగితే ఆర్నెల్లుగా పొలం దాకా నడవడం మానేసి కల్లం దగ్గరే కూర్చుంటున్నారని చెప్పింది. అమ్మగారిని అడగండి, పోయినేడు ఎంత దూరం నడిచేవారు, ఇప్పుడెంత అని, అది డాక్టర్‌కి చెప్పండి. సివియర్ వాల్వ్‌తో పాటు ఆయాసమో, ఛాతీ నొప్పో, కళ్లు తిరగడమో మొదలైతే ఆలస్యం చేయకూడదు, ట్రెడ్‌మిల్ టెస్ట్ కూడా చేయించకూడదు.

పెదనాన్నకి వాల్వ్ మార్చి నాలుగేళ్లైంది. ప్రతి సంక్రాంతికీ నేనే ఎకో తీస్తాను, కొత్త వాల్వ్ మీద మీన్ 11 దగ్గర ఉంటుంది. మీ రెండు రిపోర్టుల్లో స్పీడు, ఏరియా, పంపింగ్ శాతం, బీపీ ఉంటే పేరు కనపడకుండా ఇక్కడ పెట్టండి, రాత్రికి డ్యూటీ అయ్యాక చూసి చెప్తాను.