హిట్‌పరాడె హెక్, టేపుతో పాట: పాఠకుల ప్రశ్నలు

ప్రశ్న: పాత జర్మన్ టీవీ వీడియోల్లో ఒకాయన గుక్క తిప్పుకోకుండా పేర్లు చదివేస్తుంటారు. ఎవరాయన?

జవాబు: డీటర్ థామస్ హెక్ (1937–2018). జర్మన్ టీవీ చానల్ జడ్‌డీఎఫ్‌లో 1969 జనవరిలో మొదలైన 'హిట్‌పరాడె' అనే పాటల కార్యక్రమాన్ని 1984 దాకా నడిపించారు. "ఇది బెర్లిన్!" అంటూ మొదలుపెట్టి, చివర్లో తెర వెనక పనిచేసినవాళ్ల పేర్లన్నీ గబగబా చదివేసేవారు. మీరు చూసింది ఆ ఘట్టమే.

ఆయన హయాంలో అక్కడ వినిపించినవి జర్మన్ పాటలే. రెండోసారి వినేసరికి పల్లవి నోటికొచ్చేసే ఆ తరహా పాటల్ని 'ష్లాగర్' అంటారు. గాయకులు ప్రేక్షకుల మధ్యే కూర్చుని, వంతు రాగానే లేచి వెళ్లి పాడేవారు. పాట సాగుతుండగానే అభిమానులు పూలు తెచ్చిచ్చేవారు. ఒక చేత్తో మైకు, ఇంకో చేత్తో పూలగుత్తి పట్టుకుని శ్రుతి నిలబెట్టుకోవాలి! 1985 నుంచి 2007 దాకా ఆయన 'మెలోడీన్ ఫ్యూర్ మిలియోనెన్' అనే కార్యక్రమం కూడా చేశారు. పాటలతో ముడిపడిన జ్ఞాపకాలకు అందులో పెద్దపీట.

ప్రశ్న: హిట్‌పరాడెలో వాద్యబృందం కనిపించదు. పెదాలు కదిపేవారా? మేమూ అలా పాడాలంటే?

జవాబు: హెక్ కాలంలో గొంతు నిజంగా అక్కడిదే, వాద్యం మాత్రం టేపు. దీన్ని 'హాల్ప్‌ప్లేబ్యాక్' అంటారు. వినడానికి సులువే గానీ, వాద్యబృందమైతే గాయకుడు తడబడితే సర్దుకుంటుంది, టేపు ఆగదు. ష్లాగర్‌లో ఇంకో గండం, చివరి పల్లవి. చాలా పాటల్లో అక్కడ శ్రుతి పైకి జరుగుతుంది, హార్మోనియం మీదైతే పక్క మెట్టుకి. ఆ మలుపులో జారితే అందుకోవడానికి మిగిలేది కొన్ని వరుసలే. అందుకే సాధన అక్కడి నుంచే మొదలుపెట్టండి. పైస్థాయి అందకపోతే ట్రాక్ (రికార్డు చేసిన వాద్యం) మొత్తాన్ని రెండు సెమీటోన్లు, అంటే హార్మోనియం మీద నల్లవీ తెల్లవీ కలిపి రెండు మెట్లు, దించండి, వేగం మాత్రం మార్చొద్దు.

పాడేవారికి ట్రాక్ వినిపించే స్పీకరు ఎదురుగా నేలమీద ఉండాలి. వేదికల మీద మామూలుగా వాడే కార్డియాయిడ్ రకం మైకు వెనకవైపు శబ్దాన్ని తక్కువగా పట్టుకుంటుంది కాబట్టి, ఆ వెనకభాగం స్పీకరు వైపు తిప్పాలి. స్పీకరు మోత ఎక్కువైతే ట్రాక్ మైకులోకి దూరి గొంతు మసకబారుతుంది, ఇంకా పెంచితే కీచుమంటుంది. మరీ తగ్గిస్తే తాళం వెనకబడుతుంది. మైకు జాలీని చేత్తో మూసి పట్టుకున్నా కీచుమనడం ఖాయం. మైకుని బ్లూటూత్ స్పీకరుకి కలపకండి, మీ గొంతే మీకు ఆలస్యంగా వినిపించి కంగారు పెడుతుంది.

ప్రశ్న: "లైట్లు ఆర్పండి, స్పాట్ వెయ్యండి" అనేది కూడా హెక్‌గారేనా?

జవాబు: కాదు, అది ఇల్యా రిక్టర్ మాట. అదే చానల్లో 1971 నుంచి 1982 దాకా వచ్చిన 'డిస్కో' ఆయనది. అందులో జర్మన్ ష్లాగర్‌తో పాటు విదేశీ పాప్ కూడా ఉండేది.