డాక్టర్ కాకుండా డాక్యుమెంటరీలు తీస్తానంటోంది, ఏం చేయాలి?

ప్రశ్న: మాది హన్మకొండ. మా అమ్మాయి ఇంటర్ బైపీసీ రెండో సంవత్సరం. నీట్ రాయనంటోంది. వర్షారణ్యాలను కాపాడే ఉద్యమాల్లో పనిచేస్తూ డాక్యుమెంటరీలు తీస్తుందట. దానితో బతుకు గడుస్తుందా?
– ఒక తండ్రి

జవాబు: గడుస్తుంది, కానీ డాక్యుమెంటరీలనే నమ్ముకుంటే మొదట్లో కటకటే. ఈ రంగంలో చాలామంది స్వచ్ఛంద సంస్థలకు వీడియోలు చేసిపెట్టి, ఎడిటింగ్ పనులు పట్టుకుని, మిగిలిన సమయంలో సొంత చిత్రం తీసుకుంటారు. అందుకే ముందు అడవిని చదవనివ్వండి. కెమెరా ఎక్కడికీ పోదు.

కేరళలో సైలెంట్ వ్యాలీ వర్షారణ్యాన్ని ముంచబోయిన జలవిద్యుత్ ప్రాజెక్టు ఆగిందంటే నినాదాలు ఒక్కటే కారణం కాదు. శాస్త్రవేత్తలు, సైన్సును జనంలోకి తీసుకెళ్లే సంస్థ కేరళ శాస్త్ర సాహిత్య పరిషత్తులోని ఉపాధ్యాయులు లెక్కలు తీసి వాదించారు. 1984లో అది జాతీయ పార్కు అయింది. అమ్మాయికి ఈ కథ చెప్పండి, బయాలజీ పుస్తకం మూసేయదు.

బైపీసీ వారికి ఎప్‌సెట్ ద్వారా ములుగు అటవీ కళాశాలలో నాలుగేళ్ల బీఎస్సీ ఫారెస్ట్రీ ఉంది. ఈ ములుగు సిద్దిపేట జిల్లాలోది, మేడారం దారిలోది కాదు, చాలామంది పొరబడుతున్నారు. డిగ్రీ అయ్యాక కూడా సినిమా మీదే మనసుంటే పుణే ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్, ఢిల్లీ జామియా ఉన్నాయి. పరిశోధన వైపు మళ్లితే డెహ్రాడూన్ వన్యప్రాణి సంస్థ. అటవీ శాఖలో ఉద్యోగం వస్తే మాత్రం ప్రవర్తనా నియమావళి అడ్డొస్తుంది, ధర్నాల్లో కూర్చోవడం కుదరదు. ఆ సంగతి ఇప్పుడే తెలియాలి.

ఈలోగా అమెజాన్ దాకా ఎందుకు? మీకు దగ్గర్లోని ఏటూరునాగారం అడవులు వర్షారణ్యాలు కావు, ఆకు రాల్చే అడవులే. అయినా 2024 ఆగస్టు 31న అక్కడ ఈదురుగాలికి వేలాది చెట్లు కొన్ని గంటల్లోనే నేలకూలాయి. ఎందుకు కూలాయో, ఆ చోట ఇప్పుడు ఏం మొలుస్తోందో అడిగితే అదే ఒక చిత్రం. లేదంటే వేసవి మొదట్లో, తెల్లవారకముందే కోయ మహిళలు ఇప్ప చెట్టు కింద రాలిన పూలు ఏరుకుంటారు. ఒకరి అనుమతి అడిగి, వెంట ఉండి, పూలు ఆరబెట్టి అమ్మేదాకా చిత్రించమనండి. చెట్టు కొట్టేస్తే ఆ ఇంటికి ఏం పోతుందో వ్యాఖ్యానం అక్కర్లేకుండానే తెలుస్తుంది.

అభయారణ్యం లోపల చిత్రీకరణకు వన్యప్రాణి సంరక్షణ చట్టం, 1972 ప్రకారం ముందుగా అటవీ శాఖ అనుమతి తీసుకోవాలి. డ్రోన్ ఊసే ఎత్తవద్దు. ఖరీదైన కెమెరా ఇప్పుడు కొనకండి. ఉన్న ఫోనుకు చొక్కాకు తగిలించే చిన్న మైకు ఒకటి కొనిస్తే చాలు. కొత్తవాళ్ల వీడియోల్లో బొమ్మ బాగానే ఉంటుంది, గాలి హోరులో మాటే వినపడదు.

నీట్ దరఖాస్తు గురించి ఇంట్లో గొడవ పడకండి. ఎప్‌సెట్ మాత్రం తప్పక రాయించండి.